సింకోనా: బెరడు చాటున పువ్వు

సింకోనా గురించి ఎవరు రాసినా బెరడు గురించే రాస్తారు. మలేరియాకు పనిచేసిన మొదటి మందు ఆ బెరడులోంచే వచ్చింది కాబట్టి అందులో వింతేమీ లేదు. దానికోసం అడవులు నరికారు, విత్తనాలు దొంగచాటుగా దేశాలు దాటించారు. పెరూ వాళ్లయితే తమ జాతీయ చిహ్నంలోనే ఈ చెట్టు బొమ్మ పెట్టుకున్నారు. అయితే వృక్షశాస్త్రజ్ఞుల్ని, వర్తకుల్ని, ప్రభుత్వాల్ని రెండు వందల ఏళ్లపాటు ముప్పుతిప్పలు పెట్టిన చిక్కంతా బెరడులో పుట్టలేదు. దాని మూలం పువ్వులో ఉంది.

పువ్వు చిన్నదే. సెంటీమీటరు, మహా అయితే ఒకటిన్నర సెంటీమీటరు పొడవున్న గొట్టం, దాని కొసన విచ్చుకున్న అయిదు రేకులు, రేకుల అంచుల వెంట తెల్లటి నూగు. ఎక్కువగా గులాబీ రంగు, కొన్ని జాతుల్లో తెలుపు. కొమ్మల చివర గుత్తులు గుత్తులుగా పూస్తాయి, కమ్మటి వాసన వేస్తాయి. ఆకులు కొమ్మకు అటూ ఇటూ ఎదురెదురుగా జంటలుగా వస్తాయి. వాకిట్లో నూరువరహాల చెట్టున్నవాళ్లు ఒక పువ్వు తుంచి చూస్తే ఆ సన్నటి గొట్టంలో సింకోనా పోలిక దొరుకుతుంది. నూరువరహాలకు మాత్రం నాలుగే రేకులు. రెండూ రూబియేసి కుటుంబానివే. కాఫీ, కదంబం కూడా ఆ కుటుంబంలోనివే. ఒకప్పుడు మచిలీపట్నం అద్దకాలకు ఎరుపునిచ్చిన చిరివేరూ అంతే.

సింకోనా ఒక ప్రజాతి. అందులో ఇరవై పైచిలుకు జాతులున్నాయి. కొన్ని పొదలుగా ఆగిపోతాయి, కొన్ని పాతిక మీటర్ల మానులవుతాయి. వాటి పుట్టినిల్లు దక్షిణ అమెరికాలోని ఆండీస్ పర్వతాల తూర్పు వాలు, అక్కడక్కడా పడమటి వాలు కూడా. వెనెజువెలా, కొలంబియాల నుంచి ఈక్వడార్, పెరూ మీదుగా బొలీవియా దాకా సన్నటి పట్టీలా పరుచుకున్న అడవి అది. సముద్రమట్టానికి సుమారు వెయ్యి నుంచి మూడు వేల మీటర్ల ఎత్తు. అమెజాన్ మైదానం మీదుగా వచ్చే తేమగాలి కొండకు తగిలి పైకి లేచి మబ్బవుతుంది. ఆ మబ్బు రోజులో చాలాసేపు చెట్ల మధ్యే తిరుగుతుంది. ఎండ మండదు, నేల ఎండదు. అలాంటి చోట, లోయకొక జాతి చొప్పున విడివిడిగా సింకోనాలు పెరిగాయి.

ఇక పువ్వు లోపలికి వెళదాం. ఈ ప్రజాతిలో ఒక చెట్టుకు పూసే పువ్వుల్లో కీలం పొడవుగా గొట్టం అంచు దాకా వస్తుంది, కేసరాలు లోపల పొట్టిగా ఉండిపోతాయి. పక్క చెట్టు పువ్వులో సరిగ్గా తిరగబడి ఉంటుంది: కేసరాలు పైన, కీలం కింద. ఒక చెట్టు పువ్వులన్నీ ఒకే రకం. మొదటి రకం పువ్వులో లోపలున్న పుప్పొడి కీటకం నోటికి ఏ చోట అంటుకుంటుందో, రెండో రకం పువ్వు కీలాగ్రం సరిగ్గా ఆ ఎత్తులోనే తగులుతుంది. అంటే పుప్పొడి తన చెట్టు మీద కాకుండా వేరే రకం చెట్టు మీదే పనికొచ్చేలా ఏర్పాటు జరిగిందన్నమాట. చార్లెస్ డార్విన్‌కు ఇలాంటి పువ్వులంటే ఎంత మోజంటే, 1877లో వాటి మీద ఏకంగా ఒక పుస్తకమే రాశాడు. ఈ రెండు రకాల పువ్వుల పద్ధతి మిగతా కుటుంబాలన్నిటికంటే రూబియేసిలోనే ఎక్కువ ప్రజాతుల్లో కనిపిస్తుందని అందులో గమనించాడు.

చెట్టుకు దీనివల్ల లాభమే. ప్రతి గింజలోనూ ఇద్దరు వేర్వేరు తల్లిదండ్రుల గుణాలు కలుస్తాయి, సంతానంలో వైవిధ్యం ఉంటుంది. కాని సింకోనాకు ఇంకో గుణం కూడా ఉంది. జాతికీ జాతికీ మధ్య గోడలు బలంగా ఉండవు. పక్క లోయలోని వేరే జాతి పుప్పొడి వచ్చినా గింజ కడుతుంది, ఆ గింజ మొలుస్తుంది, ఆ మొక్క మళ్లీ పూస్తుంది. అడవిలో లోయలు అడ్డుండేవి కాబట్టి సరిపోయింది. మనుషులు నాలుగు జాతుల్ని తెచ్చి ఒకే తోటలో పక్కపక్కన నాటేసరికి ఏది ఏ జాతో ఎవరికీ అంతుపట్టలేదు. చూడ్డానికి ఒకేలా ఉన్న రెండు చెట్లలో ఒకదాని బెరడు ప్రాణం పోసేది, రెండోదాని బెరడు కషాయం కాస్తే నోరు చేదెక్కడం తప్ప ప్రయోజనం ఉండేది కాదు.

దక్షిణ ఈక్వడార్‌లోని లోహా ప్రాంతంలో బెరడు ఒలిచేవాళ్లకు ఈ సంగతి మొదటినుంచీ తెలుసు. ఫ్రెంచి శాస్త్రవేత్త లా కొండమిన్ భూమి ఆకారం కొలిచే పనిమీద వచ్చి, 1737లో లోహా వెళ్లాడు. బెరడుల్లో తెలుపు, పసుపు, ఎరుపు అనే రకాలున్నాయనీ, వాటి శక్తిలో తేడా ఉందనీ అక్కడివాళ్లే ఆయనకు చెప్పారు. ఆయన పంపిన వర్ణన ఆధారంగానే వృక్షశాస్త్రజ్ఞుడు లిన్నేయస్ 1742లో ఈ ప్రజాతికి సింకోనా అని పేరుపెట్టాడు. లిమాలో స్పెయిన్ వైస్రాయ్ భార్య, చించోన్ కౌంటెస్, ఈ బెరడుతో జ్వరం తగ్గి బతికిందన్న కథ అప్పటికే యూరప్‌లో ప్రచారంలో ఉంది, చెట్టుకు ఆమె పేరే పెట్టాడు. వైస్రాయ్ కార్యదర్శి రాసుకున్న దినచర్యను 1940ల్లో తిరగేసి చూస్తే అలాంటి ముచ్చటేమీ కనపడలేదు. బెరడు యూరప్ చేరడం వెనక ప్రభువుల కంటే జెస్యూట్ మతగురువుల చేయి ఎక్కువ. లిమాలో మందులు తయారుచేసే అగస్తీనో సలుంబ్రీనో అనే జెస్యూట్ బెరడును రోముకు పంపించాడు. అదే సంఘం వాళ్లు 1693లో చైనా చక్రవర్తి కాంగ్‌షీ జ్వరాన్ని కూడా దాంతోనే తగ్గించారు.

ఇక్కడ ఆగి ఆలోచించాల్సిన విషయం ఒకటుంది. ప్రాణాలు తీసే ఫాల్సిపేరం మలేరియా అమెరికా ఖండాలకు చెందింది కాదు. కొలంబస్ తర్వాత, ముఖ్యంగా ఆఫ్రికా నుంచి బానిసల్ని తెచ్చిన ఓడలతో అది అటు చేరింది. సింకోనా మాత్రం లక్షల ఏళ్లుగా ఆండీస్‌లోనే ఉంది. అంటే చెట్టు తన బెరడులో దాచుకున్న రసాయనం ఎన్నడూ చూడని శత్రువుకు విరుగుడైంది. ఆ చేదు నిజానికి దేనికోసం? బెరడు తినే పురుగుల నుంచీ, తెగుళ్ల నుంచీ కాపాడుకోడానికని శాస్త్రజ్ఞుల అభిప్రాయం. మనిషి రక్తంలో అది చేసే పని పూర్తిగా యాదృచ్ఛికం.

ఆ పని కూడా గమ్మత్తుగానే ఉంటుంది. మలేరియా పరాన్నజీవి మన ఎర్రరక్తకణంలో దూరి హీమోగ్లోబిన్‌ను తింటుంది. తినగా హీమ్ అనే ఇనుమున్న ముక్క మిగులుతుంది, అది పరాన్నజీవికే విషం. అందుకని దాన్ని స్ఫటికంగా గట్టిపరిచి ఒక మూల పడేస్తుంది. క్వినైన్ ఆ స్ఫటికం కట్టనివ్వదు. తిన్న తిండి తాలూకు విషం పేరుకుపోయి పరాన్నజీవి చస్తుంది. అయితే కాలేయంలో దాక్కున్న వాటి జోలికి క్వినైన్ వెళ్లలేదు. అందుకే కొన్ని రకాల చలిజ్వరాలు మందుతో తగ్గినట్టే తగ్గి, కొన్ని నెలలకు మళ్లీ తిరగబెట్టేవి. మన్యంలో పనిచేసి వచ్చినవాళ్ల ఇళ్లలో ఈ అనుభవం తరాలుగా ఉంది.

1820లో పారిస్‌లో పెల్తియే, కవాంతూ అనే ఇద్దరు రసాయనజ్ఞులు బెరడులోంచి క్వినైన్‌ను వేరుచేశారు. దాని మీద పేటెంటు తీసుకోలేదు. తయారీ పద్ధతిని అందరికీ అందుబాటులో పెట్టారు. దాంతో మొదటిసారిగా బెరడును కొలవడం సాధ్యమైంది. ఏ చెట్టులో ఎంత ఉందో తూకం వేసి చెప్పొచ్చు. అప్పుడు బయటపడింది అసలు గందరగోళం. ఒక చెట్టులో క్వినైన్ ఒక శాతం కూడా లేదు, ఇంకోదానిలో నాలుగైదు శాతం. ఒక్కో చెట్టులోనూ నాలుగు ముఖ్యమైన ఆల్కలాయిడ్లు: క్వినైన్, క్వినిడిన్, సింకోనిన్, సింకోనిడిన్. నాలుగింటి పాళ్లూ చెట్టు చెట్టుకూ మారిపోతున్నాయి.

దీన్ని పట్టించుకోకపోతే ఏమవుతుందో జావాలో డచ్చివారు చూశారు. 1850ల్లో హాస్కార్ల్ అనే వృక్షశాస్త్రజ్ఞుడు మారుపేరుతో ఆండీస్‌లో తిరిగి మొక్కలు, గింజలు తెచ్చాడు. తర్వాత తోటల బాధ్యత తీసుకున్న యుంగ్‌హూన్ వాటిలో బాగా ఏపుగా పెరిగే, గవర్నర్ జనరల్ పాహుడ్ పేరుతో పిలిచే ఒక రకాన్ని ఎంచుకుని, పది లక్షలకు పైగా మొక్కలు నాటించాడు. చెట్లు చక్కగా పెరిగాయి. బెరడు పరీక్షిస్తే క్వినైన్ దాదాపు సున్నా. పై అధికారి పేరున్న మొక్కను వదులుకోవడం ఎవరికైనా కష్టమే మరి!

అదే కాలంలో బ్రిటిషువారి ప్రయత్నం ఇండియా కోసం నడిచింది. 1860లో క్లెమెంట్స్ మార్కమ్ నాయకత్వంలో మూడు నాలుగు దిక్కులకు మనుషులు వెళ్లారు. మార్కమ్ స్వయంగా పెరూలో సేకరించిన మొక్కలు ఎర్రసముద్రం వేడికి వడలి, నీలగిరి చేరాక చనిపోయాయి. అమెజాన్‌లో ఏళ్ల తరబడి తిరిగి ఆరోగ్యం పోగొట్టుకున్న రిచర్డ్ స్ప్రూస్ మాత్రం ఈక్వడార్‌లోని చింబొరాజో పర్వతం పడమటి వాలున ఎర్రబెరడు సింకోనా కాయలు పండేదాకా ఓపిగ్గా కాచుకున్నాడు. కాయలు పగిలితే రెక్కలున్న ఆ సన్నటి గింజలు గాలికి పోతాయి, పగలకముందు కోస్తే మొలవవు. లక్ష గింజలు, 637 మొక్కలు సిద్ధం చేశాడు. వాటిని రాబర్ట్ క్రాస్ అనే తోటమాలి 1861లో ఊటీ చేర్చాడు.

ఊటీలో తోటల అధికారి మెకైవర్ చేతుల్లో అవి బాగా పెరిగాయి. దొడ్డబెట్ట మీదా, నడువట్టంలోనూ తోటలు లేచాయి. నడువట్టంలో పనిచేసినవాళ్లలో మలయా తీరం నుంచి మద్రాసు జైళ్లకు పంపిన చైనా ఖైదీలు కూడా ఉన్నారు. మెకైవర్ కనిపెట్టిన ఒక పద్ధతి నాకు చాలా తెలివైనదనిపిస్తుంది. ఆండీస్‌లో బెరడు కోసం చెట్టునే పడగొట్టేవారు. ఆయన చెట్టును నిలబెట్టే, బెరడును నిలువు పట్టీలుగా ఒలిపించి, గాయం మీద తడి నాచు కప్పించాడు. కొత్త బెరడు వచ్చింది. పైగా దానిలో ఆల్కలాయిడ్లు పాతదాని కంటే ఎక్కువ. అంత చేసినా నీలగిరి ఎర్రబెరడులో మొత్తం ఆల్కలాయిడ్లు దండిగా ఉన్నాయి గానీ అందులో క్వినైన్ వాటా చిన్నది.

మద్రాసు ప్రభుత్వం దీన్ని ఇంకో వైపు నుంచి చూసింది. మిగిలిన మూడు ఆల్కలాయిడ్లు జ్వరానికి పనికిరావని ఎవరు చెప్పారు? 1866లో ఒక కమిషన్ వేసి, ప్రెసిడెన్సీ పరిధిలో జ్వరపీడితుల మీద నాలుగింటినీ విడివిడిగా వాడి చూడమంది. నాలుగూ పనిచేశాయి. క్వినిడిన్ క్వినైన్‌కు ఏమాత్రం తీసిపోలేదు. దాంతో శుద్ధిచేసిన క్వినైన్ కొనలేని పేదల కోసం నాలుగూ కలిసిన చవక మందు తయారీకి దారి పడింది. చాలా ఏళ్ల తర్వాత బెంగాల్‌లో పోస్టాఫీసుల్లో పైసాకొక క్వినైన్ పొట్లం అమ్మడం మొదలైంది. మనవైపు పెద్దలు కొయినా అని పిలిచిన మందు ఇలా ఊళ్లలోకి వచ్చింది.

ఈ మందు ఇంతగా వాడకంలో ఉన్నా జ్వరానికి కారణం మాత్రం చాలాకాలం తెలియలేదు. పరాన్నజీవిని ఫ్రెంచి వైద్యుడు లావెరాన్ 1880లో అల్జీరియాలో చూశాడు. అది దోమలో పెరుగుతుందన్న సంగతి 1897 ఆగస్టు 20న సికింద్రాబాదు బేగంపేటలో బ్రిటిషు వైద్యుడు రొనాల్డ్ రాస్ సూక్ష్మదర్శిని కింద తేలింది. రోగం ఎలా వస్తుందో తెలియడానికి రెండున్నర శతాబ్దాల ముందే మందు దొరికిన సందర్భాలు వైద్యచరిత్రలో ఎక్కువ లేవు.

మళ్లీ చెట్ల దగ్గరికి వద్దాం. క్వినైన్ నిండుగా ఉండే చెట్టు బొలీవియా అడవుల్లో ఉందని చార్లెస్ లెడ్జర్ అనే ఆంగ్ల వర్తకుడికి తెలుసు. ఆయనకు తెలియడమంటే, ఆయన దగ్గర పనిచేసిన మాన్యుయెల్ ఇంక్రా మమానీకి తెలుసన్నమాట. మమానీ ఆండీస్ స్థానికుడు, బెరడు చెట్ల కోసం అడవి గాలించడమే అతని వృత్తి. ఆకు చూసి, బెరడు నాలుకకి తాకించి, ఇది మంచి చెట్టు, ఇది కాదు అని చెప్పగల మనిషి. గింజలు తెమ్మని లెడ్జర్ పంపితే ఏళ్లు గడిచిపోయాయి. ప్రతి ఏడూ పూత సమయంలో మంచు కురిసి పువ్వులు మాడిపోయేవి. తాను ఎంచుకున్న ఆ కొద్ది చెట్ల గింజలే తప్ప వేరేవి తేవడానికి మమానీ ఒప్పుకోలేదు. నాలుగేళ్లు కాచుకుని, పూత నిలిచిన ఏడాది గింజలు ఏరి, 1865లో కొండలు దాటి నడుచుకుంటూ వచ్చి ఇచ్చాడు. గింజలు బయటికి పంపడం బొలీవియాలో నేరం. తర్వాత మరోసారి అదే పనిమీద వెళ్లినప్పుడు పట్టుబడి, కొట్టిన దెబ్బలకు ప్రాణాలు వదిలాడు.

గింజలు లండన్ చేరాయి. బ్రిటిషు ప్రభుత్వం అక్కర్లేదంది. నీలగిరిలో అప్పటికే లక్షల మొక్కలున్నాయి, ఇంకా ఎందుకనుకుంది. డచ్చివారు మాత్రం ఒక పౌండు గింజలు కారుచౌకగా కొన్నారు. గ్రాముకు వేలల్లో తూగే గింజలు కాబట్టి పౌండంటే చాలా ఎక్కువే. జావాలో మొలిచిన ఆ మొక్కలు ఎదిగాక బెరడును విశ్లేషిస్తే, మంచి చెట్లలో క్వినైన్ పది శాతం దాటింది. వాటికి లెడ్జర్ పేరు మీద లెడ్జరియానా అన్నారు. మమానీ పేరు ఏ చెట్టుకూ పెట్టలేదు.

ఇక్కడ పువ్వు మళ్లీ అడ్డొచ్చింది. ఆ మేలుచెట్ల గింజలు నాటితే పుట్టే మొక్కలన్నీ మేలువి కావు. బంగినపల్లి టెంక నాటితే బంగినపల్లి కాయదని మామిడి రైతుకు ఎవరూ చెప్పక్కర్లేదు. ఇక్కడ అంతకంటే చిక్కు, ఎందుకంటే చుట్టూ ఎర్రబెరడు తోటలు, వాటి పుప్పొడి గాలిలో తిరిగే కీటకాల ఒంటి నిండా ఉంది. డచ్చి శాస్త్రజ్ఞుడు మూన్స్ ఒక్కో చెట్టు బెరడునూ విడిగా పరీక్షించి, గింజల కోసం ఎంచిన చెట్లను మిగతా జాతులకు దూరంగా ఉంచాడు. ఆ తర్వాత ఇంకో మెట్టు పైకెక్కి అంట్లు కట్టారు. లెడ్జరియానా వేళ్లు సున్నితం, ఎర్రబెరడు వేళ్లు మొండివి. అందుకని కింద ఎర్రబెరడు మొదలు, పైన లెడ్జరియానా కొమ్మ. పువ్వు జోక్యాన్ని పూర్తిగా తప్పించిన రోజున జావా గెలిచింది. 1930ల నాటికి ప్రపంచంలో వాడే క్వినైన్‌లో 90 శాతానికి పైగా ఆ ఒక్క ద్వీపం నుంచే వచ్చేది. శ్రీలంకలో కాఫీ తెగులు దెబ్బకు సింకోనాకు మళ్లిన దొరలు ధర పడిపోవడంతో దాన్నీ పీకేసి తేయాకు పెట్టుకున్నారు.

1942లో జపాను జావాను ఆక్రమించగానే మిత్రదేశాల సైన్యాలకు క్వినైన్ కరవైంది. అమెరికా మళ్లీ ఆండీస్‌కు మనుషుల్ని పంపి, అడవిచెట్ల బెరడు ఒలిపించింది. అప్పటికే వచ్చిన కృత్రిమ మందులూ, యుద్ధం తర్వాత క్లోరోక్విన్, ఆపైన చైనా మొక్కలోంచి వచ్చిన ఆర్టెమిసినిన్ క్వినైన్‌ను వెనక్కి నెట్టాయి.

బెరడు విలువ మాత్రం పూర్తిగా పోలేదు. క్వినిడిన్‌ను గుండె లయ తప్పినప్పుడు వాడారు. క్వినైన్ ద్రావణం ఎండలో నీలంగా మెరవడం 1845లో జాన్ హెర్షెల్ గమనించాడు, ప్రతిదీప్తి అనే శాస్త్రమంతా ఆ నీలి మెరుపు వెంటే నడిచింది. టానిక్ వాటర్ సీసాను అతినీలలోహిత దీపం ముందు పెడితే ఇప్పటికీ ఆ వెలుగు చూడొచ్చు. కృత్రిమ క్వినైన్ చేయబోయి పద్దెనిమిదేళ్ల విలియం పెర్కిన్ 1856లో ఊదారంగు అద్దకాన్ని తయారుచేశాడు. హోమియో మందుల పెట్టెలో ‘చైనా’ అని కనిపించేది కూడా ఈ బెరడే. 1790లో హానిమన్ దీన్ని తన మీదే ప్రయోగించుకుని ఆ సిద్ధాంతానికి శ్రీకారం చుట్టాడు. సిద్ధాంతం సంగతి ఎలా ఉన్నా, బాగా పలచబరిచిన ఆ మందులో క్వినైన్ ఉందనుకుని మలేరియాకు వాడితే ప్రమాదమే.

చివరిగా ఎర్రబెరడు సింకోనా సంగతి. క్వినైన్ తక్కువని జావాలో వేళ్లకే పరిమితమైన ఈ జాతిని 1940ల్లో ఈక్వడార్ ప్రధానభూమి నుంచి గలాపగోస్ దీవుల్లోని శాంతా క్రూజ్‌కు తెచ్చి నాటారు. బెరడు వ్యాపారం సాగలేదు, తోటను వదిలేశారు. ఆ దీవి ఎగువన చెట్లే ఉండేవి కావు. ఫెర్న్‌లు, గడ్డి, మికోనియా అనే పొదలు, వాటి కింద నేలలో బొరియలు చేసుకుని గుడ్లు పెట్టే పెట్రెల్ అనే సముద్రపక్షులు. 1970ల తర్వాత గాలికెగిరే గింజలతో సింకోనా ఆ ఎత్తులన్నీ కమ్ముకుంది, 11,000 హెక్టార్లకు పైగా. నీడ పడి పొదలు తగ్గాయి. చెట్టును నరికితే మొదలు నుంచీ వేళ్ల నుంచీ కొత్త చివుళ్లు వేస్తుంది. అందుకని జాతీయ పార్కు సిబ్బంది కత్తితో మాను చుట్టూ బెరడు మీద గాట్లు పెట్టి, వాటిలో కలుపుమందు పోస్తారు. చిన్న మొక్కల్ని వేళ్లతో సహా చేత్తో పీకుతారు. నేలలో గింజలు ఉంటూనే ఉంటాయి కాబట్టి, శుభ్రం చేసిన చోటికే కొన్నేళ్లకొకసారి, కొత్త మొక్కలు పూతకు రాకముందే, మళ్లీ వెళ్లాల్సి వస్తోంది.